కథ అతకలేదు

రాత్రివేళ తలుపు తట్టి డబ్బిస్తానన్న మనిషిని ఎవరైనా అనుమానిస్తారు. మీ నవల చదివానన్న మనిషిని అనుమానించే రచయిత మాత్రం ఇంకా పుట్టలేదు. 2007లో వచ్చిన ‘మనోరమ సిక్స్ ఫీట్ అండర్’ అనే హిందీ సినిమా ఈ ఒక్క బలహీనత మీద లేచి నిలబడింది.

రాజస్థాన్ ఎడారిలో లాఖోత్ అని ఓ ఊరు. మ్యాపులో వెతక్కండి, దొరకదు. కథ కోసం కట్టిన ఊరు. అక్కడ సత్యవీర్ సింగ్ రంధావా ప్రజాపనుల శాఖలో జూనియర్ ఇంజనీరు. లంచం ఆరోపణ మీద సస్పెండై ఇంట్లో కూర్చున్నాడు. ఎప్పుడో ఒక డిటెక్టివ్ నవల రాశాడు. పేరు ‘మనోరమ’. అది పోలేదు. పోలేదంటే అమ్ముడు పోలేదని. ఇంట్లో భార్య నిమ్మీ, ఆవిడ నోటి పదును, ఒక పిల్లవాడు. బావమరిది బ్రిజ్‌మోహన్ పోలీసు. ఇలాంటి మనిషి గుమ్మంలోకి ఒక రాత్రి ఒకావిడ వచ్చి, తాను నీటిపారుదల మంత్రి పి.పి.రాథోర్ భార్యనని చెబుతుంది. మంత్రిగారు ఒకప్పటి రాజావారు కూడా. ఆయనకి ఎవరితోనో సంబంధం ఉందని ఆవిడ అనుమానం. రుజువుకి ఫొటోలు కావాలి. ఊళ్లో డిటెక్టివులు లేరు కనక డిటెక్టివ్ నవల రాసినాయన దగ్గరికి వచ్చింది. వంటల పుస్తకం రాసినవాణ్ణి వెతికి పట్టుకుని పెళ్లివంట అప్పగించడం లాంటిదిది. అయినా ఆయన ఒప్పుకుంటాడు. నిజానికి నవల చదివానన్న మాట విన్న క్షణంలోనే ఒప్పేసుకున్నాడు, మిగతాదంతా బేరం.

ఫొటోలు తీస్తాడు, ఇచ్చేస్తాడు. తర్వాత తెలుస్తుంది, మంత్రిగారి భార్య వేరే ఎవరో అని. వచ్చినావిడ మళ్లీ ఎదురవుతుంది, ఈసారి భయంతో. నా పేరు మనోరమ, నా వయసు 32, గుర్తుపెట్టుకోమంటుంది. ఆ తర్వాత ఆవిడ బతికి ఉండదు.

ఈ పాటి చాలు. డిటెక్టివ్ కథ చెప్పడానికి ఒక మర్యాద ఉంది, దాన్ని దాటను.

నన్ను ఎక్కువ కాలం పట్టుకున్నది ఆ తర్వాతి భాగం. సత్యవీర్ ఎందుకు వదిలిపెట్టడు? ఆయన నీతిమంతుడు కాడు, లంచం వ్యవహారంలోనే కదా ఇంట్లో కూర్చుంది. ధైర్యవంతుడూ కాడు. ఆ చనిపోయినావిడ ఆయనకి చుట్టం కాదు, ప్రియురాలు కాదు. పైగా ఆయన్ని మోసం చేసింది. పోలీసులకి అక్కర్లేని కేసు, ఇంట్లోవాళ్లకి పట్టని కేసు. మామూలుగా మన సినిమాల్లో ఇలాంటి చోట హీరోకి ఒక చెల్లెలో, ఒక చిన్ననాటి గాయమో, ఒక జాతీయ జెండానో అడ్డం పెడతారు. ఇక్కడ అలాంటి ఏర్పాటేమీ లేదు. నాకు తోచిన సమాధానం ఒకటే: కథ అతకలేదు. అంతే. పైకి చెప్పిన కథకీ జరిగిన కథకీ పొంతన కుదరలేదు. అతుకు కనబడుతున్న కథని చూసి ఊరుకోలేకపోవడం చవక నవల రాసేవాడి వృత్తిరోగం.

పెద్ద సాహిత్యానికి ఈ రోగం ఉండదు. పెద్ద నవలలో చివర నాయిక కిటికీలోంచి బయటికి చూస్తే చాలు, విమర్శకులు మిగతాది పూరిస్తారు. డిటెక్టివ్ నవల అలా ముగించి చూడండి! అద్దె కట్టి తీసుకెళ్లినవాడు పుస్తకం తెచ్చి కొట్టువాడి బల్ల మీద విసిరికొడతాడు. మూడో పేజీలో గుండీ ఊడితే నూట ఇరవయ్యో పేజీలో అది ఎవడి చొక్కాదో చెప్పి తీరాలి. పండితులు ఈ సాహిత్యాన్ని ఎంత చిన్నచూపు చూసినా, పాఠకుడి పట్ల దీనికున్నంత జవాబుదారీతనం మరోదానికి లేదని నా నమ్మకం. సత్యవీర్‌ని లాఖోత్ వీధుల్లో తిప్పినది ఆ జవాబుదారీతనమే. పైగా ఆయన పుస్తకం ఎవరూ చదవలేదు. చదివానన్న ఒకే ఒక్క మనిషి చచ్చిపోయింది.

ఆ ఒక్కావిడా నిజంగా చదివిందో లేదో. అది వేరే సంగతి. అబద్ధమే అయినా, మనిషిని బాగా చూసి ఆడిన అబద్ధం.

ఇక ఆయన ఉద్యోగం గురించి. జూనియర్ ఇంజనీర్ని రచయితగా పెట్టడం దర్శకుడు నవదీప్ సింగ్ సరదాకి చేసిన పని అనుకునేవాళ్లుంటే, వాళ్లకి ఎం-బుక్కు సంగతి తెలియదన్నమాట. మా బాబాయి ఒకాయన ఇంజనీరింగ్ కొలువు చేసి రిటైరయ్యాడు. మెజర్‌మెంట్ బుక్కు, వాడుకలో ఎం-బుక్కు, ఆయన సంచిలో ఎప్పుడూ ఉండేది. జరిగిన పనికి పొడవు, వెడల్పు, లోతు అందులో ఎక్కాలి. ఆ అంకెల మీదే కంట్రాక్టరుకి బిల్లు. కాలువలో పూడిక తీసిన పనికి కొలతలు రాయడమంత సుఖం లేదనేవాడు బాబాయి. ఒకసారి నీళ్లు వదిలాక అడుగున దిగి చూసేదెవరు? “మా శాఖలో నాకన్నా గొప్ప కథకులున్నార్రా, ఒక్కడి పేరూ పత్రికలో పడలేదు” అని నవ్వేవాడు. ఆయన మాత్రం మధుబాబు షాడో నవలలు వదలకుండా చదివేవాడు. ఎం-బుక్కు పక్కనే షాడో. రెండింటికీ ఒకే అట్ట వేసుకునేవాడు, ఆఫీసులో ఏది తెరిచినా తెలియకుండా.

అందుకే సస్పెండైన జేఈ డిటెక్టివ్ అవడం నాకు వింతగా అనిపించలేదు. అబద్ధపు లెక్క ఎలా ఉంటుందో లోపలినుంచి తెలిసినవాడు కదా. సంతకం ఎక్కడ మొదలై ఎక్కడిదాకా పోతుందో, కాలువ ఎటు మళ్లితే ఎవరి పొలం ధర లేస్తుందో పోలీసు కంటే వాడికే ముందు తెలుస్తుంది.

మన దేశంలో ప్రైవేటు డిటెక్టివ్ అనే మనిషిని కథలో నమ్మించడం చాలా కష్టం. అమెరికాలో వాడికి లైసెన్సు ఉంటుంది, తలుపు మీద పేరుంటుంది, కొన్నిచోట్ల తుపాకీ కూడా. మనకి ఆ వృత్తిని గుర్తించే చట్టమే లేదు. సరిగ్గా ఈ సినిమా వచ్చిన 2007లోనే ప్రైవేటు డిటెక్టివ్ ఏజెన్సీల నియంత్రణ బిల్లు రాజ్యసభలో ప్రవేశపెట్టారు; అది చట్టం కాకుండానే పోయింది. ఉన్న ఏజెన్సీల పని ఎక్కువగా పెళ్లి సంబంధాల వాకబు, ఉద్యోగుల పూర్వాపరాలు. మరి మన కథల్లో డిటెక్టివ్‌కి అడిగే హక్కు ఎక్కడినుంచి వస్తుంది? కొమ్మూరి సాంబశివరావు గారి యుగంధర్ మద్రాసులో కారేసుకుని అసిస్టెంటు రాజుతో తిరుగుతుంటే మనం ఎప్పుడూ అడగలేదు, ఇతనికి ఈ అధికారం ఎవరిచ్చారని. అడిగితే నవల ఆగిపోతుంది. మద్రాసు పెద్ద ఊరు, అక్కడ ఏవైనా జరుగుతాయిలే అని సరిపెట్టుకున్నాం. లాఖోత్ లాంటి చిన్న ఊళ్లో అది కుదరదు. ముగ్గురు కూర్చున్న టీకొట్టు దగ్గర నాలుగోవాడు వచ్చి ప్రశ్న వేస్తే, ముందు నువ్వెవరివంటారు. రచయితనంటే మాత్రం కాస్త జాలిపడి జవాబు చెబుతారు. రచయితకి ఈ దేశంలో ఉన్న అధికారం బహుశా అదొక్కటే.

సినిమాకి మూలం రోమన్ పొలాన్‌స్కీ తీసిన ‘చైనాటౌన్’. 1974 నాటిది. రాబర్ట్ టౌన్ రాసిన ఆ స్క్రీన్‌ప్లేకి ఆస్కార్ వచ్చింది. 1937 నాటి లాస్ ఏంజిలిస్, కరువు, నీళ్లు, భూములు. అక్కడా ఒకావిడ ఇంకొకరి భార్యనని చెప్పుకుని డిటెక్టివ్‌ని రంగంలోకి దింపుతుంది. దాని వెనక నిజం చరిత్ర ఉంది. మల్‌హాలండ్ అనే ఇంజనీరు ఆధ్వర్యంలో ఓవెన్స్ లోయ నీటిని వందల కిలోమీటర్ల కాలువ తవ్వి లాస్ ఏంజిలిస్‌కి తెచ్చారు. 1913లో నీళ్లు వచ్చాయి. నగరం పెరిగింది, లోయ ఎండింది.

నవదీప్ సింగ్ దీన్ని ఎత్తుకొచ్చి దాచలేదు. సత్యవీర్ ఇంట్లో టీవీలో ‘చైనాటౌన్’ నడుస్తుంటుంది, జాక్ నికల్సన్ ముక్కు కోసే దృశ్యంతో సహా. దొంగతనం చేసినవాడు వస్తువు దాచుకుంటాడు. ఈయన నడిబజార్లో పెట్టి, ఇదిగో ఇదీ నా అప్పు అన్నాడు. చవక నవలల లోకంలో ఇది మామూలు వ్యవహారం. హిందీలో సురేందర్ మోహన్ పాఠక్ సొంతంగా వందల నవలలు రాసినాయన, జేమ్స్ హాడ్లీ చేజ్‌నీ జేమ్స్ బాండ్‌నీ హిందీలోకి అనువదించాడు కూడా. మన తెలుగు డిటెక్టివ్ నవలల్లో మద్రాసు మౌంట్ రోడ్డు మీద నడిచిన మనుషులు ఎందరో అంతకుముందు లండన్‌లోనో న్యూయార్క్‌లోనో నడిచి వచ్చినవాళ్లే. ఎత్తుకొచ్చినదాన్ని ఇక్కడి మట్టిలో నాటితే బతుకుతుందా లేదా అన్నదే ప్రశ్న.

రాజస్థాన్‌లో అది బతికింది, ఎందుకంటే అక్కడి నీళ్ల కథ లాస్ ఏంజిలిస్ కథకి ఏమీ తీసిపోదు. పంజాబ్‌లో సట్లెజ్, బియాస్ కలిసేచోట హరికే బ్యారేజి ఉంది. అక్కడినుంచి థార్ ఎడారిలోకి కాలువ తీసుకుపోవాలన్నది బికనీర్ సంస్థానంలో పనిచేసిన కన్వర్ సేన్ అనే ఇంజనీరు ఆలోచన. 1958లో శంకుస్థాపన జరిగింది. రాజస్థాన్ కాలువగా మొదలై, 1984 తర్వాత ఇందిరాగాంధీ కాలువ అయింది. ఇసుకలో గోధుమ పండింది, పత్తి పండింది. కొన్నిచోట్ల నేల తాగలేనంత నీళ్లొచ్చి ఉప్పుతేలి పొలాలు పాడయ్యాయి. నీళ్లు వస్తాయని ముందే తెలిసినవాడికి ఇసుకదిబ్బే ఆస్తి. ఇలాంటి నేల మీద నీటిపారుదల మంత్రిగా మాజీ రాజావారిని కూర్చోబెట్టడంలో ఉన్న వ్యంగ్యం తెలుగు పాఠకుడికి విప్పి చెప్పక్కర్లేదు. కాలువ చివరి భూముల రైతు ప్రతి జిల్లాలోనూ ఉన్నాడు మనకి.

‘చైనాటౌన్’లో డిటెక్టివ్ ముక్కు కోశారు. ఇక్కడ రౌడీలు సత్యవీర్ వేళ్లు విరగ్గొడతారు. ఈ మార్పు చేసినవాళ్లకి నేను చేతులెత్తి దణ్ణం పెడతాను. ముక్కు దూర్చేవాడికి ముక్కు కోయడం నుడికారం వరకు బాగానే ఉంది. రాసేవాడి వేళ్ల మీద పడటం అంతకన్నా తెలిసి చేసిన పని. ఆ రౌడీల్లో ఒకడిగా కనిపించేది నవాజుద్దీన్ సిద్దిఖీ. అప్పటికి ఆయన్ని ఎవరూ పేరుతో గుర్తుపట్టరు. ఇప్పుడు చూసేవాళ్లు కథ ఆపి, అరే ఈయన! అంటారు. పాత సినిమాలకి ఇదొక వడ్డీ.

తారాగణం గురించి కొంత తీరుబడిగా చెప్పాలి, ఎందుకంటే ఈ సినిమా సగం వాళ్ల ముఖాల మీద నడుస్తుంది. అభయ్ దేవోల్ ధర్మేంద్రకి తమ్ముడి కొడుకు. ఆ ఇంటి మగవాళ్లు చెయ్యెత్తితే ప్రత్యర్థి గాల్లో తేలాలి. ఈయన అసలు చెయ్యెత్తని దేవోల్. ‘సోచా నా థా’తో మొదలుపెట్టి, ఈ సినిమా తర్వాత ‘ఓయ్ లక్కీ’, ‘దేవ్ డి’ దాకా వెళ్లాడు. దెబ్బ తగిలినప్పుడు సత్యవీర్ ముఖంలో కనిపించేది కోపం కాదు, లెక్క తప్పినవాడి చిరాకు. ఆ చిరాకుని రెండు గంటలకు పైగా విసుగు పుట్టకుండా నిలబెట్టడం ఏ ఫైటు కన్నా కష్టమైన పని.

గుల్ పనాగ్ నిమ్మీ. 1999లో మిస్ ఇండియా అయినావిడ. ఈ సినిమాకి ముందు ఏడాదే మన హైదరాబాదీ నగేశ్ కుకునూర్ తీసిన ‘డోర్’లో కూడా ఇలాగే రాజస్థాన్ ఎండలో తిరిగింది. అక్కడ అన్వేషణ ఆవిడది. ఇక్కడ ఆవిడ వంటింట్లో ఉండి అన్వేషకుడికి వాతలు పెడుతుంది. రచయిత భార్య పాత్ర మన సినిమాల్లో రెండు రకాలు: భర్త ప్రతిభకి కన్నీళ్లు పెట్టుకునేది, లేదా అర్థం చేసుకోలేని గయ్యాళి. నిమ్మీ ఈ రెంటికీ లొంగదు. జీతం సగానికి పడిపోయిన ఇంట్లో నెల గడపాల్సిన మనిషి ఎలా మాట్లాడుతుందో అలాగే మాట్లాడుతుంది. అలాంటి ఇళ్లల్లో సాహిత్యం గురించి చర్చ జరగదు. గ్యాసు బండ గురించి జరుగుతుంది.

వినయ్ పాఠక్ బావమరిది బ్రిజ్‌మోహన్. అదే ఏడాది ‘భేజా ఫ్రై’తో జనాన్ని నవ్వించినాయన. పోలీసు బావమరిది ఉండటం చిన్న ఊళ్లో ఎంత ధీమానో, ఎంత ఇబ్బందో ఈయన్ని చూస్తే తెలుస్తుంది. బంధుత్వం ఎక్కడ ఆగి ఖాకీ ఎక్కడ మొదలవుతుందో ఆయనకే తెలిసినట్టుండదు. కుల్‌భూషణ్ ఖర్బందాని ‘షాన్’లో గుండుతో షాకాల్‌గా చూసి భయపడ్డ తరం మాది. ఆ తర్వాత ‘లగాన్’లో వాన పడని సంస్థానానికి రాజుగా వచ్చాడు. ఇక్కడ రాజరికం పోయి మంత్రి పదవి మిగిలినాయన, నీళ్లు చేతిలో పెట్టుకున్నాయన. ఒకే నటుడి పాత్రలు పక్కపక్కన పెట్టి చూస్తే ఒక్కోసారి దేశచరిత్రలా ఉంటాయి. ఆ రాత్రి తలుపు తట్టినావిడ సారిక. మన శ్రుతి హాసన్ తల్లి. ‘పర్జానియా’లో బిడ్డ కోసం వెతికే తల్లిగా జాతీయ అవార్డు అందుకున్న నటి. ఇందులో ఉండేది కాసేపే. ఆ కాసేపట్లోనే, అబద్ధం చెబుతున్న మనిషి మీద మనకి నమ్మకం కుదిరేలా చేసి వెళ్లిపోతుంది. శీతల్ పాత్రలో రైమా సేన్ ఉంది, తేజ తీసిన ‘ధైర్యం’లో నితిన్ పక్కన మన వాళ్లు చూసిన అమ్మాయే.

2007 సెప్టెంబరు 21న సినిమా విడుదలైంది. మూడు రోజుల తర్వాత జొహానెస్‌బర్గ్‌లో భారత్ పాకిస్తాన్ మీద టీ20 ప్రపంచకప్పు ఫైనల్ గెలిచింది. ఆ వారంలో రాజస్థాన్ ఎడారిలో ఒక జేఈ ఎవరి ఫొటోలు తీశాడో ఎవరికి కావాలి? థియేటర్లలో సినిమా నిలవలేదు. అమ్ముడుపోని నవల గురించి తీసిన సినిమా అమ్ముడుపోలేదు. తర్వాత డీవీడీల్లో, టీవీల్లో ఒక్కొక్కరే వెతుక్కుని చూశారు, ఒకరికొకరు చెప్పుకున్నారు. నవదీప్ సింగ్ మళ్లీ సినిమా తీసేసరికి 2015 వచ్చింది. అది ‘ఎన్‌హెచ్10’.

అమ్ముడుపోవడం గురించి చెప్పుకుంటున్నాం కనక ఒక సంగతి. సత్యవీర్‌ని చవక నవలల రచయిత అనడం కొంచెం అన్యాయమే. ఆ సాహిత్యం అసలు లక్షణం అమ్ముడుపోవడం. మీరట్ కేంద్రంగా హిందీలో నడిచిన ఆ వ్యాపారంలో వేద్‌ప్రకాశ్ శర్మ ‘వర్దీవాలా గుండా’ మొదటి రోజే 15 లక్షల ప్రతులు పోయిందని చెప్పుకుంటారు. ఆ అంకెలో కొంత ఎం-బుక్కు గాలి ఉండొచ్చు, అయినా సగానికి సగం కొట్టేసినా మన సాహిత్య అకాడమీ విజేతలకి కళ్లు తిరుగుతాయి. మనకి కొవ్వలి ఉన్నాడు, వెయ్యి నవలల కొవ్వలి. రైల్వే ప్లాట్‌ఫాం మీద కొని, దిగే స్టేషను వచ్చేలోగా ముగించి, సీటు మీద వదిలేసి దిగిపోయిన నవలలు. ఎంతోమంది ఆడవాళ్లు ఆ పుస్తకాల కోసమే చదువు నేర్చుకున్నారని పాతతరం వాళ్లు చెబితే విన్నాను.

మరి ఇంతమంది చదివినవాళ్లకి సిగ్గెందుకు? రాసినవాళ్లకి ఎందుకు? నాకిది ఇప్పటికీ పూర్తిగా అంతుపట్టదు. ఆరుద్ర ‘త్వమేవాహం’ రాశారు, సమగ్ర ఆంధ్ర సాహిత్యం రాశారు. డిటెక్టివ్ నవలలూ రాశారు. ఆయన మీద సభ జరిగితే మొదటి రెంటి గురించి గంటన్నర మాట్లాడి, మూడోదాన్ని “ఇవి కాక” అనే మాట కింద తోసేస్తారు. నాకు తెలిసిన ఒకాయన పెద్ద కవి, ఇంటికి వెళ్తే అలమారా ముందు వరసలో శ్రీశ్రీ, తిలక్, వెనక వరసలో యుగంధర్. వెనక వరస పుస్తకాలే బాగా నలిగి ఉన్నాయి. చూశానని ఆయనకి తెలుసు, నేను చూడనట్టు నటించానని కూడా తెలుసు.

ఈ సిగ్గు మీదే ఇంకో సినిమా వచ్చింది, 2014లో, ‘మస్త్‌రామ్’. ఉత్తరాదిలో ఆ పేరుతో వచ్చిన బూతు పుస్తకాలు ఎవరు రాశారో ఎవరికీ తెలియదు. ఆ తెలియని మనిషికి సినిమా ఒక ముఖం ఊహించింది. రాహుల్ బగ్గా వేసిన రాజారాం బ్యాంకు గుమాస్తా. గొప్ప రచయిత కావాలని బయల్దేరి, ప్రచురణకర్తలు మసాలా అడిగితే మారుపేరు చాటున అది రాసిపెట్టినవాడు. తీసిన అఖిలేశ్ జైస్వాల్ ‘గ్యాంగ్స్ ఆఫ్ వాసేపూర్’ రచయితల్లో ఒకడు. సత్యవీర్‌ది చదివేవాళ్లు లేని బాధ, రాజారాంది అందరూ చదువుతున్నా ఇది నాదని చెప్పుకోలేని బాధ. ఇద్దరిలో ఎవరి కష్టం పెద్దదని నన్నడిగితే రెండోవాడిదే అంటాను. మొదటివాడికి కనీసం భార్య దగ్గర దాచడానికి ఏమీ లేదు.

బెంగాలీవాళ్లయితే నిజం మనిషినే తెర మీదికి తెచ్చారు. స్వపన్‌కుమార్ అనే పేరుతో డిటెక్టివ్ దీపక్ ఛటర్జీ పుస్తకాలు గుట్టలుగా రాసినాయన అసలు పేరు సమరేంద్రనాథ్ పాండే. అదే చేత్తో శ్రీ భృగు పేరుతో జ్యోతిషం రాశాడు, డాక్టర్ ఎస్.ఎన్.పాండే పేరుతో వైద్యం పుస్తకాలు రాశాడు. నేరం, గ్రహచారం, రోగం. మధ్యతరగతి మనిషి రాత్రుళ్లు నిద్రపోకుండా ఆలోచించేవి ఈ మూడే కదా, ఒక్కడే మూడు కౌంటర్లూ తెరిచాడు. బెంగాల్‌లో డిటెక్టివులు బ్యోమకేశ్‌కీ ఫెలూదాకీ ఉన్న మర్యాద దీపక్ ఛటర్జీకి లేదు. 2024లో దేవాలయ్ భట్టాచార్య తీసిన సినిమాలో పరాన్ బందోపాధ్యాయ్ స్వపన్‌కుమార్‌గా, అబీర్ ఛటర్జీ దీపక్ ఛటర్జీగా వేశారు. ఇక్కడ చిన్న కొంటెతనం ఉంది: అబీర్ అంతకుముందు బ్యోమకేశ్‌గా, ఫెలూదాగా కూడా వేసినవాడు. పీఠం మీద కూర్చున్న ఇద్దరి ముఖాన్నీ తీసుకొచ్చి, ఫుట్‌పాత్ మీద అమ్మిన డిటెక్టివ్‌కి తొడిగారు.

వీటన్నిటికీ కొసమెరుపు దినేశ్ పండిత్. 2021 నాటి ‘హసీన్ దిల్‌రుబా’లో తాప్సీ పన్ను వేసిన రాణి మాటకి ముందు పండిత్‌జీ, మాటకి వెనక పండిత్‌జీ. ఆయన నేరకథలు చదివి జీవితం నడుపుకుంటుంది. పోలీసు స్టేషన్లో కూర్చుని కూడా ఆయన్నే ఉటంకిస్తుంది. ఆ దినేశ్ పండిత్ లేడు, ఉండలేదు; కనికా ధిల్లాన్ స్క్రిప్టులో పుట్టినవాడు. సత్యవీర్ రాసి ఉచ్చులో పడ్డాడు, రాణి చదివి ఉచ్చు పన్నడం నేర్చుకుంది. సినిమాగా నాకది సత్యవీర్ కథ అంత రుచించలేదు, రంగులు మరీ ఎక్కువ. అయినా ఒకటి ఒప్పుకోవాలి. రైల్వే నవలల రచయిత మాట హిందీ సినిమాలో వేదవాక్కులా వినిపించడం అదే మొదటిసారి అనుకుంటా. అందుకోసం లేని రచయితని సృష్టించుకోవలసి వచ్చింది, ఉన్న పాఠక్‌లూ శర్మలూ చాలక.

సురేందర్ మోహన్ పాఠక్ కొలువు చేసింది ఢిల్లీలో ఇండియన్ టెలిఫోన్ ఇండస్ట్రీస్‌లో. పగలు ఉద్యోగం, మిగతా వేళల్లో హత్యలు. దాదాపు మూడొందల నవలలు అలాగే రాశాడు. రాజారాంకి బ్యాంకు, సత్యవీర్‌కి ప్రజాపనుల శాఖ అని సినిమావాళ్లు ఊరికే పెట్టలేదు. ఈ జాతి రచయిత జీతం వచ్చే కుర్చీలో కూర్చుని, జీతం రాని కుర్చీ గురించి ఆలోచిస్తాడు. అయితే సత్యవీర్‌కి ఒక సౌకర్యం దక్కింది: సస్పెన్షన్. ఉద్యోగం ఉన్నన్నాళ్లూ ఒక్క నవలే రాసినవాడు, అది పోయాక తానే ఒక నవలలోకి దూరగలిగాడు. టైము దొరికింది కదా.

ఆ నవలకి ఆయన కోరుకున్న ముగింపు దొరికిందా అంటే, జవాబు దొరికింది. మూడో పేజీ గుండీ ఎవరిదో తెలిసింది. చిన్నప్పుడు మా ఊరి అద్దె పుస్తకాల కొట్లో కొన్ని డిటెక్టివ్ నవలలకి చివరి కాగితాలు ఉండేవి కావు. ఎవడు చింపాడో, ఎందుకో. కొట్టాయన అలాంటి వాటికి సగం అద్దె తీసుకునేవాడు, అది న్యాయమే. మేం ముగింపులు కల్పించుకుని పోట్లాడుకునేవాళ్లం. మా ముగింపుల్లో దొరికినవాడికి శిక్ష పడేది, ఎప్పుడూ. లాఖోత్‌లో మాత్రం తెలుసుకోవడం ఒకటీ, శిక్ష పడటం మరొకటీ. చివరి కాగితం ఉంది, చింపలేదు. కానీ దాని మీద రాసి ఉన్నది చదివి ఏ కోర్టుకి వెళ్లాలో ఆయనకే కాదు, చూసే మనకీ తోచదు. వెళ్లగలిగిన ఒకే ఒక్క చోటు ఇంట్లో రాతబల్ల. అక్కడికి వెళ్లడానికి వేళ్లు మానాలి.

నాతో పాటు ఈ సినిమా చూసిన మిత్రుడు ముగింపు ముందే పసిగట్టానంటాడు. నేను నమ్మను. అలా పసిగట్టేవాళ్లు ఏ గదిలో పది మంది కూర్చున్నా తొమ్మిది మంది ఉంటారు, సినిమా అయిపోయాక. ఒక్క విషయం మాత్రం చెప్పి ఆగుతాను. పైన నటీనటుల గురించి ఇంత రాసిన నేను, వాళ్లలో ఒకరి గురించి కావాలనే తక్కువ రాశాను. ఎవరని వెనక్కి తిప్పి చూడకండి. సినిమా చూశాక చూడండి.